బుల్లీ గేమ్ కథ చివరికి ఏమవుతుంది? తరచుగా అడిగే ప్రశ్నలు

రాక్‌స్టార్ వాంకూవర్ స్టూడియో తయారుచేసిన బుల్లీ 2006 అక్టోబర్‌లో ప్లేస్టేషన్ 2 కోసం విడుదలైంది. స్కూల్ నేపథ్యంలో ఓపెన్ వరల్డ్ గేమ్ అనగానే చాలామందికి ఇప్పటికీ మొదట గుర్తొచ్చే పేరు ఇదే. ఫోన్లలోకి కూడా వచ్చాక కొత్తగా ఆడేవాళ్ళు పెరిగారు, వాళ్ళతో పాటే ముగింపు గురించిన ప్రశ్నలూ పెరిగాయి. గ్యారీ ఎందుకలా చేశాడు, జోయీ మధ్యలో ఎక్కడి నుంచి వచ్చింది, జిమ్మీని స్కూల్ నుంచి ఎందుకు పంపేశారు అన్నవి ఎక్కువగా వినిపిస్తాయి. కింద కథ మొత్తం బయటపడుతుంది. ఇంకా ఆడుతున్నవాళ్ళు ముందు ఐదో చాప్టర్ పూర్తిచేసి రండి, ఆ చాప్టర్‌ను మీ చేతులతో ఆడటమే మంచిది.

టూకీగా చెప్పండి, చివర్లో ఏం జరుగుతుంది?

మనం ఆడే పిల్లవాడు జిమ్మీ హాప్కిన్స్. స్కూల్ అంతటినీ తన గుప్పిట్లోకి తెచ్చుకున్న అతని మీద, మొదట్లో స్నేహితుడిలా నటించిన గ్యారీ స్మిత్ అన్ని గ్రూపులనూ ఎగదోస్తాడు. జిమ్మీని స్కూల్ నుంచి తీసేస్తారు. బయట ఉన్నప్పుడు అతనికి జోయీ టేలర్ తోడవుతుంది. పాత శత్రువు రస్సెల్ సాయంతో, టౌనీలు అనే ఊరి పిల్లల నాయకుడు ఎడ్గర్‌ను ఓడించి తనవైపు తిప్పుకుని, జిమ్మీ మళ్ళీ స్కూల్లోకి వస్తాడు. అప్పటికే అక్కడ పెద్ద గొడవ జరుగుతూ ఉంటుంది, ప్రిన్సిపాల్‌ను కట్టేసి ఉంటారు. బిల్డింగ్ పైకప్పు మీద గ్యారీతో ఆఖరి పోరాటం. ఇద్దరూ అద్దాల పైకప్పు బద్దలై నేరుగా ప్రిన్సిపాల్ గదిలో పడతారు. గ్యారీ గొప్పలు చెప్పుకున్నదంతా విన్న ప్రిన్సిపాల్ అతన్ని స్కూల్ నుంచి వెళ్ళగొట్టి, జిమ్మీని, జోయీని వెనక్కి తీసుకుంటాడు. జిమ్మీ స్నేహితుడు పీటీ హెడ్ బాయ్ అవుతాడు. స్కూల్ ముందు అందరూ కేరింతలు కొడుతుండగా జిమ్మీ, జోయీ ముద్దు పెట్టుకుంటారు. అక్కడ కథ ఆగుతుంది.

మొదటి చాప్టర్లు ఆడి చాలాకాలమైంది. ముగింపు అర్థం కావడానికి ఏం గుర్తుండాలి?

జిమ్మీకి పదిహేనేళ్ళు. ఎన్నో స్కూళ్ళు అతన్ని పంపేశాయి. అమ్మ కొత్త భర్తతో ఏడాది పాటు హనీమూన్‌కు వెళ్తూ అతన్ని బుల్‌వర్త్ అకాడమీ గేటు ముందు దింపేస్తుంది. ఆ స్కూల్ ఉన్న బుల్‌వర్త్, అమెరికాలోని న్యూ ఇంగ్లాండ్ ప్రాంతంలో ఉన్నట్టు కల్పించిన ఊరు. లోపల అడుగుపెట్టగానే గ్యారీ, పీటీ పరిచయమవుతారు. గ్యారీ మొదట స్నేహితుడిలా ఉంటాడు. మానసిక సమస్యకు వాడే మందులు మానేశానని తనే చెబుతాడు. మొదటి చాప్టర్ చివరకల్లా జిమ్మీకి వెన్నుపోటు పొడిచి, స్కూల్ కింద ఉన్న హోల్ అనే చోట రస్సెల్‌ను అతని మీదకు ఉసిగొల్పుతాడు. జిమ్మీ గెలుస్తాడు, రస్సెల్ లొంగుతాడు.

ఆ తర్వాత ఒక్కో చాప్టర్‌లో ఒక్కో గ్రూపు. రెండులో డబ్బున్న పిల్లలు, వాళ్ళ నాయకుడు డెర్బీ హారింగ్టన్. మూడులో తోలు జాకెట్ల గ్రీజర్లు, జానీ విన్సెంట్. నాలుగులో ముందు ఎర్నెస్ట్ జోన్స్ నాయకుడిగా ఉన్న పుస్తకాల పురుగులు, తర్వాత టెడ్ థాంప్సన్ నడిపే ఆటగాళ్ళు. నాలుగో చాప్టర్ అయ్యేసరికి స్కూల్లో జిమ్మీకి ఎదురు నిలిచేవాడు ఎవడూ ఉండడు. ముగింపుకు ఇంత గుర్తుంటే చాలు.

నాలుగో చాప్టర్‌తోనే కథ అయిపోయినట్టు అనిపించింది. ఐదో చాప్టర్ ఎందుకు పెట్టారు?

ఈ ప్రశ్న అడిగినవాళ్ళకు కథ బాగానే పట్టిందని నా నమ్మకం. గేమ్ కావాలనే మనకు ఆ భావన కలిగిస్తుంది. టెడ్ ఓడిపోతాడు, అన్ని గ్రూపులూ జిమ్మీ మాట వింటాయి. ఎప్పుడూ గొడవలతో నిండి ఉండే స్కూల్లో నడుస్తుంటే మనల్ని ఎవరూ అడ్డుకోరు. మామూలు గేమ్ అయితే ఇక్కడే పేర్లు పడతాయి. బుల్లీ మాత్రం ఇంకో అడుగు వేసి, ఈ పిల్లవాడు అధికారంతో ఏం చేస్తాడో చూపిస్తుంది.

జిమ్మీకి గర్వం తలకెక్కుతుంది. మొదట్లో అతను బలహీనుల తరఫున నిలబడ్డాడు, పీటీని ఏడిపించేవాళ్ళను కొట్టాడు. ఇప్పుడు తనే రాజునన్నట్టు మాట్లాడతాడు. ఐదో చాప్టర్ పేరే జిమ్మీ పతనం గురించి, తర్వాత అతను మళ్ళీ నిలదొక్కుకోవడం గురించి ముందే చెబుతుంది. గ్యారీ ఎన్ని ఎత్తులు వేసినా, జిమ్మీ తన పొగరుతో తలుపు తెరిచి పెట్టకపోతే అవి పారేవి కావు. నా దృష్టిలో ఈ ముగింపు బలమంతా ఇక్కడే ఉంది. హీరో ఓడిపోవడానికి కారణం శత్రువు కండబలం కాదు. హీరో తను ఎవరితో పోరాడాడో వాళ్ళలాగే మారడం మొదలుపెట్టాడు, అందుకే ఓడాడు.

జిమ్మీని స్కూల్ నుంచి అసలు ఎందుకు తీసేశారు?

పైకి కనిపించే కారణం టౌన్ హాల్ మీద అతను స్ప్రే పెయింట్‌తో రాసిన రాతలు. నీ పేరు ఊరంతా మారుమోగాలంటే అక్కడ నీ గుర్తు వెయ్యమని గ్యారీ రెచ్చగొడతాడు, జిమ్మీ వెంటనే పడిపోతాడు. మిషన్ ఆడుతున్నప్పుడు అది సరదాగానే ఉంటుంది. ఎత్తుకు ఎక్కడం, పోలీసుల కళ్ళు కప్పడం, మామూలు అల్లరి. ఆ సరదాలో పడి మనం కూడా గ్యారీ మాట విన్నామన్న సంగతి తర్వాత గానీ తట్టదు. ఆటగాడిని కూడా తప్పులో భాగం చేసిన తీరు నాకు చాలా ఇష్టం.

అదే సమయంలో స్కూల్లో ఒకదాని వెంట ఒకటి దుర్ఘటనలు జరుగుతాయి. లైబ్రరీలో ఎలుకలు వదులుతారు. జిమ్‌కు నిప్పంటుకుంటుంది. జానీ విన్సెంట్‌ను హ్యాపీ వోల్ట్స్ అనే మానసిక ఆసుపత్రిలో పడేస్తారు. ఇవన్నీ గ్యారీ పన్నాగాలే, కానీ ప్రతి గ్రూపూ ఇది జిమ్మీ చేతగానితనమనో, జిమ్మీ ద్రోహమనో అనుకుంటుంది. జిమ్మీ పరుగెత్తి ఎలుకలను చంపుతాడు, మంటలు ఆర్పుతాడు, జానీని బయటకు తెస్తాడు. అయినా ఎవరూ కృతజ్ఞత చూపించరు. ఆఖరికి ప్రిన్సిపాల్ డాక్టర్ క్రాబుల్‌స్నిచ్ పిలిపించి, టౌన్ హాల్ విషయం మీద బయటకు పంపేస్తాడు. ఆ నాటికి గ్యారీ హెడ్ బాయ్ పదవిలో కూర్చుని, ప్రిన్సిపాల్ చెవిలో తన మాటే వినిపించేలా చూసుకుంటాడు.

గ్యారీకి జిమ్మీ మీద అంత కసి ఎందుకు?

గేమ్ దీనికి నేరుగా ఒక్క వాక్యంలో జవాబు ఇవ్వదు. ఇచ్చిన ఆధారాలను కలిపి చూడాలి.

మొదటిది, అతనికి మనుషులను నమ్మడం చేతకాదు. జిమ్మీ తన మీద ఏదో కుట్ర చేస్తున్నాడని మొదటి చాప్టర్‌లోనే ఊహించుకుని, దెబ్బ తగలకముందే తను దెబ్బ తీస్తాడు. రెండోది, అతనికి స్కూల్ మొత్తాన్ని ఆడించాలని ఉంటుంది. అయితే అతనికంటూ ఒక గ్రూపు లేదు, వెంట నడిచే స్నేహితులు లేరు, కండబలం కూడా పెద్దగా లేదు. ఉన్నదల్లా ఎదుటివాడి బలహీనత పసిగట్టే తెలివి. రస్సెల్‌కు కోపం, జానీకి అనుమానం, జిమ్మీకి గర్వం. ఎవరికి ఏది ఉంటే దాన్నే పట్టుకుని లాగుతాడు.

ఒకటి మాత్రం గట్టిగా చెప్పాలి. గ్యారీ మందులు మానేశాడు కాబట్టి ఇలా అయ్యాడని చాలామంది తేల్చేస్తారు. మందుల మాట కథలో ఉన్నది నిజమే. కానీ మానసిక సమస్య ఉన్నవాళ్ళంతా ఇలా కుట్రలు పన్నరు. అతని చర్యలు తిక్కలో చేసినవి కావు. నెలల తరబడి ఓపిగ్గా అల్లినవి, హెడ్ బాయ్ పదవి దాకా తీసుకెళ్ళినవి. అతన్ని ఆ ఒక్క వివరంతో కొట్టిపారేస్తే, అతనికీ జిమ్మీకీ ఉన్న పోలిక మన కంటికి ఆనదు. ఇద్దరూ పెద్దవాళ్ళు పట్టించుకోకుండా వదిలేసిన పిల్లలే. ఇద్దరికీ స్కూల్ తమ చేతిలో ఉండాలని ఉంటుంది. జిమ్మీ చుట్టూ మనుషులు మిగిలారు, గ్యారీ చుట్టూ ఎవరూ మిగల్లేదు.

జోయీ టేలర్ ఎవరు? ఇంత ఆలస్యంగా ఎందుకు వస్తుంది?

జోయీ కూడా బుల్‌వర్త్‌లో చదివిన అమ్మాయే. జిమ్ టీచర్ మిస్టర్ బర్టన్ ఆమెతో అసభ్యంగా ప్రవర్తించాడు. ఆ విషయం చెప్పినందుకు స్కూల్ ఆమెనే పంపేసింది. జిమ్మీ కూడా బయట పడ్డాక ఇద్దరూ కలుస్తారు, కలిసి బర్టన్ మీద పగ తీర్చుకుంటారు. అతను లోపల ఉండగా మొబైల్ టాయిలెట్‌ను దొర్లించే మిషన్‌ను ఫ్యాన్స్ ఎవరూ మర్చిపోరు.

ఆలస్యంగా రావడానికి కథలో ఒక కారణం ఉంది. అప్పటిదాకా జిమ్మీ కలిసిన ప్రతి మనిషీ ఏదో ఒక గ్రూపు మనిషి. జోయీ స్కూల్లోని ఏ గ్రూపులోనూ లేదు, అసలు స్కూల్లోనే లేదు. జిమ్మీ దగ్గర అధికారం ఏమీ మిగలనప్పుడు అతనితో స్నేహం చేసిన మొదటి మనిషి ఆమె. మూడో చాప్టర్‌లో జానీ ప్రియురాలు లోలా తన పనుల కోసం అతన్ని వాడుకుంది. జోయీకి అతని నుంచి కావలసినది ఏమీ లేదు. అయినా ఆమెకు ఇంకొన్ని మిషన్లు ఇచ్చి ఉంటే చివరి సీన్ ఇంకా గట్టిగా తగిలేది. రెండో చాప్టర్ నుంచే ఊళ్ళో ఎక్కడో ఒకచోట ఆమెతో పరిచయం జరిగి ఉండాల్సింది.

టౌనీలకు ఈ గొడవతో ఏం సంబంధం?

టౌనీలు స్కూల్ చదువుకు దూరమైన ఊరి పిల్లలు. బ్లూ స్కైస్ ఇండస్ట్రియల్ పార్క్ చుట్టుపక్కల ఉంటారు. బుల్‌వర్త్ పిల్లలంటే వాళ్ళకు ఎప్పటి నుంచో మంట. ఆ మంటను గ్యారీ వాడుకున్నాడు. జిమ్మీ, రస్సెల్ కలిసి అక్కడి కెమికల్ ప్లాంట్‌లోకి చొరబడతారు, అక్కడ జిమ్మీ ఎడ్గర్ మున్సెన్‌తో తలపడతాడు. ఓడిపోయాక ఎడ్గర్‌కు తనను ఎవరు ఆడించారో అర్థమై, శత్రుత్వం వదిలేస్తాడు. స్కూల్ గోడల అవతల కూడా ఒక గ్రూపు ఉందని, వాళ్ళకీ ఒక బాధ ఉందని కథ చెప్పే చోటు ఇది. కానీ త్వరగా దాటిపోతుంది.

చివరి మిషన్లలో గెలవడం కష్టంగా ఉంది. ఎలా ఆడాలి?

రెండు భాగాలుగా చూడండి. మొదట స్కూల్ ఆవరణలో అల్లకల్లోలం మధ్య గ్రూపుల నాయకులను మళ్ళీ ఓడించాలి. ఇక్కడ రస్సెల్ మీ పక్కనే ఉంటాడు. అతన్ని ముందు దూకనిచ్చి, మీరు నాయకుడి మీద దృష్టి పెట్టండి. చుట్టూ ఉన్నవాళ్ళందరితో పెట్టుకుంటే ఆరోగ్యం వృథాగా పోతుంది.

రెండోది పైకప్పు. గ్యారీ పైనుంచి వస్తువులు విసురుతూ ఉంటే పరంజాల మీదుగా ఎక్కాలి. తొందరపడకండి. అతను విసరడం ఆపిన క్షణంలో కదలండి, తర్వాత మళ్ళీ ఆగండి. దగ్గరికి చేరాక జరిగేది మామూలు చేతుల పోరాటమే. జిమ్ క్లాస్‌లో నేర్చుకున్న కుస్తీ పట్లు, ట్రాన్సిస్టర్లు తెచ్చి ఇచ్చినందుకు స్కూల్ వెనక ఉండే ముసలాయన నేర్పిన దెబ్బలు ఇక్కడ బాగా పనికొస్తాయి. మొత్తం ఆరు ట్రాన్సిస్టర్లు ఉంటాయి, అన్నీ ముందే ఇచ్చి ఉంటే ఈ పోరాటంలో పెద్ద టెన్షన్ ఉండదు. మిషన్ మొదలుపెట్టే ముందు బీమ్ కోలా మెషీన్ దగ్గర ఆగి ఆరోగ్యం నింపుకోండి.

పోరాటంగా చూస్తే ఇది మరీ గొప్పదేమీ కాదు. గోదాలో డెర్బీ మనుషులతో ఆడిన బాక్సింగ్, పాత సామాన్ల యార్డ్‌లో జానీతో జరిగిన గొడవ దీనికంటే కష్టం. కానీ గ్యారీ కండబలం ఉన్నవాడు కాదు కదా. అతను కొట్లాటలో తేలిగ్గా ఓడిపోవడం అతని పాత్రకు సరిపోయింది. అతని ఆయుధం మాట. పైకప్పు మీద కూడా అతను ఎక్కువగా చేసేది మాట్లాడటమే.

ప్రిన్సిపాల్‌కు నిజం ఎలా తెలిసింది?

గ్యారీ నోటి నుంచే. తను గెలిచేశానన్న ధీమాతో, ఎవరిని ఎలా ఆడించాడో, ఎవరి మీద ఎవరిని ఎగదోశాడో జిమ్మీకి వివరిస్తాడు. కింద గదిలో కట్టేసి ఉన్న క్రాబుల్‌స్నిచ్‌కు అదంతా వినబడుతుంది. తీసిన గోతిలో తనే పడ్డాడు. మాటలతో అందరినీ పడగొట్టినవాడు చివరికి తన మాటల వల్లే పడిపోవడం చాలా బాగా కుదిరింది.

ఆ తర్వాత గ్యారీ ఏమయ్యాడు?

కథ చూపించేది స్కూల్ నుంచి తీసేయడం వరకే. హ్యాపీ వోల్ట్స్‌లో పెట్టారని కొందరు ఫ్యాన్స్ అంటారు. గేమ్‌లో అలాంటి సీన్ లేదు. జిమ్మీ కూడా ఒకప్పుడు ఇలాగే ఒక స్కూల్ నుంచి ఇంకో స్కూల్‌కు వెళ్తూ ఇక్కడికి వచ్చాడని గుర్తుంచుకుంటే, గ్యారీ ఇప్పుడు అదే దారిలో బయలుదేరాడని అనుకోవచ్చు. ఇది నా ఊహ.

రస్సెల్ ఎందుకు జిమ్మీ పక్షాన నిలబడ్డాడు?

మిగతా గ్రూపులన్నీ జిమ్మీని వదిలేసినా రస్సెల్ వదల్లేదు. మొదటి చాప్టర్‌లో ఓడిపోయాక బలహీనులను ఏడిపించనని మాట ఇచ్చాడు, ఆ మాట మీద నిలబడ్డాడు. డెర్బీ, ఎర్నెస్ట్, టెడ్‌లకు జిమ్మీతో ఉన్నది అవసరం. అవసరం తీరగానే వాళ్ళ గౌరవమూ పోయింది. రస్సెల్ తెలివైనవాడు కాదు, మాట కూడా సరిగ్గా రాదు, అయినా ఆఖరి రోజు స్కూల్ మొత్తంలో నమ్మదగ్గ మనిషి అతనే. గేమ్ మొదట్లో మనం భయపడిన మనిషి చివర్లో మన వీపు కాయడం ఈ కథలో నాకు అన్నిటికంటే నచ్చిన మలుపు.

పీటీని హెడ్ బాయ్ చేయడంలో అర్థం ఏమిటి?

పీటీ చిన్నవాడు, గులాబీ రంగు చొక్కా వేసుకుంటాడు, అందరి వెక్కిరింతలూ పడతాడు. గ్యారీ అతన్ని మొదటి రోజు నుంచీ చులకన చేస్తాడు. జిమ్మీ కూడా పేరు సంపాదించాక అతని మాటలను పెడచెవిన పెట్టాడు. ఆ పదవిని జిమ్మీకి ఇచ్చి ఉంటే, బలవంతుడు మరో బలవంతుణ్ణి దింపి కుర్చీ ఎక్కిన కథ అయ్యేది. పీటీకి ఇవ్వడంతో, ఎవరినీ కొట్టకుండా, ఎవరినీ ఆడించకుండా ఉన్న ఒకే ఒక్క పిల్లవాడికి స్కూల్ అప్పగించినట్టయింది.

జిమ్మీ అమ్మ తిరిగి వస్తుందా?

రాదు. ముగింపులో ఆమె గురించి మాటే ఉండదు. చలికాలంలో క్రిస్మస్ కానుకగా ఆమె పంపిన స్వెటర్ ఒకటి వస్తుంది, జిమ్మీ అది వేసుకుంటే అందరూ నవ్వుతారు. ఏడాది హనీమూన్ ముగిసి ఉండాలి, కానీ గేటు ముందు ఏ కారూ ఆగదు. రాసినవాళ్ళు మర్చిపోయారని నేను అనుకోను. జిమ్మీ ఇక ఆమె కోసం ఎదురుచూడటం లేదు, అందుకే కథ కూడా చూడలేదు.

జిమ్మీ కూడా ఒక రౌడీయే కదా? అతన్ని హీరో అని ఎలా అంటాం?

పేరు చూసి గేమ్‌ను తిట్టినవాళ్ళందరి ప్రశ్న ఇదే. విడుదలకు ముందు అమెరికాలో జాక్ థాంప్సన్ అనే న్యాయవాది దీన్ని ఆపించాలని ఫ్లోరిడాలో కోర్టుకు వెళ్ళాడు. జడ్జి గేమ్‌ను తన కళ్ళతో చూసి, అమ్మకానికి అడ్డు చెప్పలేదు. బ్రెజిల్‌లో 2008లో ఒక కోర్టు నిషేధించింది. యూరప్‌లో మొదట పేరు మార్చి విడుదల చేశారు.

ఆడి చూస్తే సంగతి వేరుగా ఉంటుంది. ఇందులో నిజమైన తుపాకులు లేవు, చావులు లేవు. చిన్నపిల్లలను, అమ్మాయిలను, టీచర్లను కొడితే వెంటనే ప్రిఫెక్టులు, అంటే క్రమశిక్షణ చూసే పెద్ద విద్యార్థులు, పట్టుకుంటారు. జిమ్మీ పోరాడేది ఎక్కువగా ఏడిపించేవాళ్ళతోనే. అయినా అతను మంచివాడని చెప్పి గేమ్ తప్పించుకోదు. ఐదో చాప్టర్‌లో అతనికి ఆ ముద్ర కొంత నిజంగానే తగిలిస్తుంది, దాని ఖరీదు కూడా కట్టిస్తుంది. స్నేహితులు పోతారు, స్కూల్ పోతుంది, పేరు పోతుంది. అందరి గౌరవం మళ్ళీ దక్కినప్పుడు అతను గుర్తించేది ఒక్కటే, ముందు దక్కినది గౌరవం కాదు, భయం. దాన్ని మాటల్లో పెద్ద ఉపన్యాసంగా చెప్పించకపోవడం రాసినవాళ్ళ సంయమనం.

ముగింపులో మీకు నచ్చనివి లేవా?

ఉన్నాయి. పెద్దవాళ్ళు చాలా సులువుగా బయటపడ్డారు. గ్యారీని హెడ్ బాయ్ చేసింది క్రాబుల్‌స్నిచ్. జోయీ ఫిర్యాదు చేస్తే ఆమెనే పంపిన స్కూల్ ఆయనది. పిల్లలు ఒకరినొకరు కొట్టుకుంటుంటే అది వ్యక్తిత్వం పెంచుతుందన్నట్టు మాట్లాడిన మనిషి ఆయనే. చివర్లో ఆయన గదిలోనే, ఆయన నోటితోనే తీర్పు వస్తుంది. ఆయన మాత్రం కుర్చీలో అలాగే ఉంటాడు. బర్టన్ ఉద్యోగం ఊడటం కూడా జిమ్మీ చెప్పాక ఒక్క మాటలో తేలిపోతుంది. ఒక టీచర్ విద్యార్థినితో అలా ప్రవర్తించడం అంత తేలిగ్గా దాటేయదగ్గ విషయం కాదు. జోయీతో ఒక్క వాక్యమైనా మాట్లాడించి ఉండాల్సింది.

గ్రూపుల నాయకులు మళ్ళీ జిమ్మీని ఒప్పుకునే తీరు కూడా హడావుడిగా ఉంది. ఓడించగానే కోపం పోవడం రెండో, మూడో చాప్టర్లలో సరిపోయింది. ఇక్కడ నిజం తెలిసి మనసు మారాలి, దెబ్బ తిని కాదు.

నేను వేరేలా ఆడితే ముగింపు మారుతుందా? స్కాలర్‌షిప్ ఎడిషన్‌లో వేరే ముగింపు ఉందా?

మారదు, వేరే ముగింపూ లేదు. ముగింపు ఒక్కటే. మీరు ఏ గ్రూపుతో ఎంత బాగా ఉన్నా, ఎన్ని క్లాసులు ఎగ్గొట్టినా కథ అదే దారిలో నడుస్తుంది. 2008లో వచ్చిన స్కాలర్‌షిప్ ఎడిషన్‌లో బయాలజీ, మ్యూజిక్, లెక్కలు, జాగ్రఫీ క్లాసులు, 8 కొత్త మిషన్లు కలిపారు. అసలు కథ మారలేదు. 2016లో ఫోన్ల కోసం వచ్చిన యానివర్సరీ ఎడిషన్‌లోనూ అంతే.

కానిస్ కానెమ్ ఎడిట్ అనే గేమ్ ఇదేనా?

ఇదే. యూరప్‌లో ప్లేస్టేషన్ 2 మీద ఆ పేరుతో వచ్చింది. అది కథలో బుల్‌వర్త్ అకాడమీ నినాదం. స్కాలర్‌షిప్ ఎడిషన్ వచ్చేసరికి అక్కడ కూడా బుల్లీ పేరే వాడారు.

పేర్లు పడ్డాక మళ్ళీ స్కూల్లోనే ఉన్నాను. ఇంకా కథ ఉందా?

కథ లేదు, ఆట ఉంది. ఆరో చాప్టర్ పేరు ఎండ్‌లెస్ సమ్మర్. మిగిలిపోయిన క్లాసులు, చిన్న పనులు, సైకిల్ పందేలు, సేకరణలు పూర్తిచేసుకోవచ్చు. రబ్బరు బ్యాండ్లు 75, జీ అండ్ జీ (గ్రాటోస్ అండ్ గ్రెమ్లిన్స్ అనే ఆట) కార్డులు 40, తోటల్లో పెట్టే మరుగుజ్జు బొమ్మలు 25 ఉంటాయి. రబ్బరు బ్యాండ్లన్నీ దొరికితే రబ్బరు బంతి వస్తుంది, అది విసిరి చూడండి, శ్రమకు తగ్గ బహుమతే. నూరు శాతం పూర్తి చేయాలనుకునేవాళ్ళు ఇక్కడే నిదానంగా తిరగొచ్చు. అర్ధరాత్రి దాటి రెండింటికి జిమ్మీ నిద్రతో కూలబడిపోవడం మాత్రం ఇప్పుడూ ఉంటుంది, కాబట్టి దూరంగా వెళ్ళే ముందు టైమ్ చూసుకోండి.

రెండో భాగం వస్తుందా? జిమ్మీ కథ ముందుకు సాగుతుందా?

రాక్‌స్టార్ ఇప్పటిదాకా రెండో భాగాన్ని ప్రకటించలేదు. రాక్‌స్టార్ న్యూ ఇంగ్లాండ్‌లో ఒకప్పుడు దాని మీద పని జరిగి, మధ్యలో ఆగిపోయిందని 2021లో గేమ్ ఇన్ఫార్మర్ పత్రిక మాజీ ఉద్యోగులతో మాట్లాడి రాసింది. మొదటి భాగం చేసిన వాంకూవర్ స్టూడియోను 2012లో టొరంటో స్టూడియోలో కలిపేశారు. వస్తే సంతోషిస్తాను. అయితే జిమ్మీని మళ్ళీ ఇంకో స్కూల్‌కు పంపి, అక్కడ కూడా అందరినీ ఒక్కొక్కరినీ ఓడించే కథ అయితే మాత్రం వద్దు. జోయీ వైపు నుంచి చెబితే, లేదా పీటీ హెడ్ బాయ్‌గా ఉన్న బుల్‌వర్త్‌లోకి అడుగుపెట్టే కొత్త పిల్లవాడి కళ్ళతో చూపిస్తే బాగుంటుంది.